ఎమిల్ వంటింటి రాక్షసులు

ఎమిల్ హ్రుష్కాకు చచ్చిపోయినవాళ్ళ ముఖాలు బాగుచెయ్యడం ఉద్యోగం, బతికున్నవాళ్ళ ముఖాలు పాడుచెయ్యడం సరదా. రెండింటికీ సరుకు ఒకటే. మైనం, జిగురు, దూది, నాలుగు రంగులు. కోల్‌బ్రూక్ ఊళ్ళో చాలా ఏళ్ళ వరకూ ఈ సంగతి ఎవరికీ తట్టలేదు. తట్టాక మాత్రం ఊరు అతనితో మసలే తీరే మారిపోయింది.

పెన్సిల్వేనియాలో, నది ఒడ్డున, ఉక్కు మిల్లు పొగ కింద బతికే ఊరది. ఎమిల్ తండ్రీ ఇద్దరన్నలూ మిల్లులోనే చేశారు. ఎమిల్‌కి చిన్నప్పటినుంచీ ఉబ్బసం. వీణ్ణి కొలిమి దగ్గర వారం నిలబెడితే ఎనిమిదో రోజు మోసుకురావాల్సిందేనని తండ్రి అతన్ని లాంగ్‌డన్‌ల దగ్గర పెట్టాడు. ఊళ్ళో పోయినవాళ్ళను కడిగి, ముస్తాబు చేసి, పెట్టెలో పడుకోబెట్టి బంధువులకు చూపించే ఇల్లు వాళ్ళది. పదిహేడేళ్ళవాడు అక్కడ మొదట కార్లు కడిగాడు. తరవాత శవాలకు గడ్డం గీయడం నేర్చుకున్నాడు, రంగులద్దడం నేర్చుకున్నాడు, మిల్లులో కాలినవాళ్ళకు మైనంతో ముక్కులూ చెవులూ పెట్టడం నేర్చుకున్నాడు. యాభై దాటేసరికి చుట్టుపక్కల నాలుగూళ్ళలో అంతటి పనివాడు లేడు. పెళ్ళి మాత్రం కాలేదు. శవాలను తాకే చేతిని ఏ పిల్ల పట్టుకుంటుందని తనే అని, తనే ముందు నవ్వేవాడు.

పని నేర్పిన ముసలి లాంగ్‌డన్ మొదటి ఏడే ఒక మాట చెప్పాడు. "చూడబ్బాయ్, ఇంటివాళ్ళు ఏ ఫొటో ఇస్తే అదే ఆ మనిషి. నీకు తెలిసిన మనిషి కాదు. వాడితో నువ్వు పదేళ్ళు కూర్చుని బీరు తాగుండొచ్చు, వాడు పకపకా నవ్వే రకం కావచ్చు. ఫొటోలో మూతి బిగించుకుని ఉన్నాడా, పెట్టెలో కూడా మూతి బిగించుకునే ఉండాలి. చూసేది వాళ్ళు, నువ్వు కాదు."

ముప్పై అయిదేళ్ళు ఎమిల్ ఆ మాట జవదాటలేదు. దాటింది ఒక్కసారే.

సరదా సంగతికొస్తే, అది శనివారాలు టీవీలో వేసే నలుపు తెలుపు దెయ్యాల సినిమాలతో మొదలయింది. అందరూ కథ చూస్తుంటే ఎమిల్ అతుకులు చూసేవాడు. ఆ నుదురు ఎలా ఎత్తు చేశారు, ఆ తోడేలు మనిషి బుగ్గ మీద వెంట్రుకలు ఏ వరసలో అంటించారు. ఒక అక్టోబరులో అన్న కొడుకుని వంటింట్లో కుర్చీలో కూర్చోబెట్టి, పాత దుప్పటి మెడకు కట్టి, వాడి నుదుటి మీద కుట్లు పెట్టి పంపాడు. మరుసటేడు వీధిలో పిల్లలంతా వచ్చి వరస కట్టారు. హాలోవీన్ అంటే పిల్లలు దెయ్యాల వేషాలేసుకుని మిఠాయికోసం ఇంటింటికీ తిరిగే పండగ, ఆ రోజు మా ఊళ్ళో అగ్నిమాపక కేంద్రం సైరన్ ఆరింటికి ఒకసారి మోగుతుంది, పిల్లలు బయల్దేరతారు. ఎనిమిదింటికి మళ్ళీ మోగితే ఇళ్ళకు పోవాలి. ఎమిల్ వంటిల్లు మధ్యాహ్నం మూడింటికే నిండిపోయేది. ఓట్స్ జావ ఉడికించి పూస్తే కుళ్ళిన చర్మం. పలచటి కాగితం అంటించి పైన రబ్బరు పాలు రాసి ఆరబెడితే వందేళ్ళ ముడతలు. మొక్కజొన్న పాకంలో ఎర్ర రంగు కలిపితే నెత్తురు, నాకినా ఏం కాదు, అందుకే సగం పిల్లల నెత్తురు వీధి చివరికి వెళ్ళేసరికి కడుపులోకి పోయేది. తల్లులు గుమ్మంలో నిలబడి ఏడిపించేవాళ్ళు. "ఎమిల్ గారూ, మావాడికి మీరేం కష్టపడకండి. పొద్దున్న లేచినప్పటి మొహంతో పంపిస్తే చాలు, వీధంతా ఖాళీ."

ఎదురింటి వెర్నా మెక్‌హ్యూ కూతురు ట్రూడీ ఆ వంటింట్లోకి మొదటిసారి వచ్చినప్పుడు దానికి ఏడేళ్ళు. దేవకన్య గౌను, వీపున తెల్లటి రెక్కలు, నెత్తిన కిరీటం. అన్నీ వెర్నా కుట్టినవే. భర్త టెక్సాస్‌లో పని చూసుకుంటానని వెళ్ళి అక్కడే ఉండిపోయాక ఆవిడ బడి వంటశాలలో చేరి, ఒక్కతే పిల్లను పెంచుకుంటోంది. ట్రూడీ కుర్చీ ఎక్కి, కిరీటం తీసి ఎమిల్ చేతిలో పెట్టింది.

"అంకుల్, ఈ రెక్కలు నాకొద్దు. కుట్లు పెట్టండి. ఇక్కణ్ణించి ఇక్కడిదాకా."

అతను పెట్టాడు. పిల్ల ఇంటికెళ్ళాక వెర్నా రోడ్డు దాటి వచ్చింది. "మూడు వారాలు కూర్చుని కుట్టానండీ ఆ గౌను. మీరు పావుగంటలో శవాన్ని చేసి పంపారు," అంది. నవ్వుతూనే అంది. కానీ ఆ రెక్కలు చేత్తో పట్టుకునే వచ్చింది, అవి ఎక్కడ పెట్టాలో తెలియనట్టు నిలబడింది.

ఆ తరవాత ఎనిమిదేళ్ళు ట్రూడీ ఆ వంటింట్లోనే పెరిగిందని చెప్పాలి. మొదట జిగురు సీసా అందించేది. పన్నెండేళ్ళకి చిన్నపిల్లలకు రంగులు తనే వేసేది. పద్నాలుగేళ్ళకి ఎమిల్ పెట్టిన అతుకు చూసి, "అంచు కనపడుతోందంకుల్, మళ్ళీ చెయ్యండి," అనేది. అతను మళ్ళీ చేసేవాడు. లాంగ్‌డన్ చెప్పినా అంత తొందరగా మళ్ళీ చేసేవాడు కాదు. సొంతపిల్ల ఉంటే ఇలాగే ఉండేదేమోనని ఎమిల్ మనసులో అనుకునేవాడు, ఎవరితోనూ అనలేదు. అనే హక్కు తనకు లేదని అతనికి తెలుసు.

దానికి పదిహేనేళ్ళప్పుడు ముఖానికి అచ్చు తీశాడు. పెద్ద రాక్షసుల ముఖాలు నేరుగా మనిషి మీద చెయ్యలేం. ముందు మనిషి ముఖం ప్లాస్టర్‌లో ఉండాలి, దాని మీద మట్టితో రాక్షసుణ్ణి కట్టుకోవాలి. కనుబొమలకి వాజిలీను దట్టంగా రాసి, ముక్కులో రెండు గొట్టాలు పెట్టి, తడి ప్లాస్టర్ ముఖమంతా పరిచాడు. ఇరవై నిమిషాలు కదలకూడదు. పది నిమిషాలయ్యాక ఫోన్ మోగింది. అవతల లాంగ్‌డన్ కొడుకు ఎర్విన్, తండ్రి పోయాక ఇప్పుడతనే యజమాని.

"ఎమిల్, పెట్టెలో ఉన్న ముసలాయన పళ్ళసెట్టు ఎక్కడ పెట్టావయ్యా? గంటలో జనం వస్తారు. నోరు చూస్తే గుంటలా ఉంది."

ఎమిల్ చొక్కా జేబు తడుముకున్నాడు. చేతికి పళ్ళు తగిలాయి. "నా దగ్గరే ఉన్నాయండి," అన్నాడు, గొంతు తగ్గించి. "భోజనానికొస్తూ జేబులో వేసుకుని వచ్చేశాను."

ప్లాస్టర్ కింద పిల్ల భుజాలు ఊగడం మొదలయింది. గొట్టాల్లోంచి ఈలలాంటి చప్పుడు. ఎమిల్ ఫోన్ వదిలేసి పరిగెత్తాడు. "నవ్వకు. నవ్వావంటే పగిలిపోతుంది, మళ్ళీ మొదటినుంచీ చెయ్యాలి. ట్రూడీ, నీకు దండం పెడతా, నవ్వకు." ఆ పిల్ల ఆపుకుంది. ఎలా ఆపుకుందో, ఆపుకుంది. అచ్చు తీసి అందులో మళ్ళీ ప్లాస్టర్ పోసి, ఆరాక బయటికి తీస్తే, తెల్లటి ముఖం కళ్ళు మూసుకుని ఉంది. ఎడమ పెదవి మూల మాత్రం కొద్దిగా పైకి లేచి ఉంది. నవ్వు అంతవరకూ వచ్చి అక్కడ ఆగింది. ట్రూడీ దాని వెనక పెన్సిల్‌తో పేరూ ఏడాదీ రాసింది. ఎమిల్ దాన్ని ఫ్రిజ్ మీది అల్మరాలో పెట్టాడు. రోజూ కాఫీ కలుపుకుంటూ దానివంక చూసేవాడు.

ట్రూడీ పదహారో ఏట అంతా అయిపోయింది. వీధి చివరావిడ తండ్రి పోతే ఆవిడ లాంగ్‌డన్ ఇంటికి వెళ్ళింది, అక్కడ బల్లమీద ఒక మైనం డబ్బా చూసింది. అచ్చం ఎమిల్ వంటింట్లో ఉండే డబ్బా. ఇక గోరంత కొండంతయింది. చచ్చినవాళ్ళకు పూయగా మిగిలిన మైనం మన పిల్లల మొహాలకు పూస్తున్నాడని ఊరంతా అయింది. నిజానికి ఎమిల్ పిల్లల డబ్బాలు వేరే తెప్పించుకునేవాడు, మూత మీద ఎర్ర గీత పెట్టుకునేవాడు. ఒక్కమాట బయటికొచ్చి చెప్పుంటే సగం నోళ్ళు మూతపడేవి. చెప్పలేదు. తను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళనే రకం అతను. అడిగితే చెప్తాను, అడగనివాళ్ళకు నేనెందుకు చెప్పుకోవాలి అని కూర్చున్నాడు. ఎవరూ అడగలేదు. వెర్నా వచ్చింది, ఆవిడా అడగలేదు.

"ట్రూడీ ఇంక మీ ఇంటికి రాదండి."

"పిల్లలది కొత్త డబ్బా, వెర్నాగారూ. శవాల డబ్బా వేరు."

"డబ్బా కొత్తదే అయ్యుండొచ్చు," అంది వెర్నా. "మరి చేతులో?"

ఆ ఏడు హాలోవీన్‌కి ఎమిల్ వరండా లైటు వేసుకుని కూర్చున్నాడు. లైటు వెలుగుతుంటే పిల్లలు రావచ్చని అర్థం. వచ్చారు, మిఠాయి తీసుకున్నారు, గుమ్మం ఎక్కలేదు. కింది మెట్టు మీదనుంచే సంచీలు చాచారు.

పిట్స్‌బర్గ్‌లో నాటకాలకు ముఖాలు దిద్దే విద్య నేర్పే బడి ఉందని, అక్కడ చేరతానని ట్రూడీ ఇంట్లో అడిగిందట. వెర్నా ససేమిరా అంది. పిల్లను టైపుకి పంపింది. పక్క ఊళ్ళో బీమా ఆఫీసులో ఉద్యోగం వచ్చింది. తల్లీకూతుళ్ళు ఒక కప్పు కింద ఉన్నారన్న మాటేగానీ, ఒకరు వంటింట్లో తింటే ఒకరు టీవీ ముందు తినేవారు. ఈ మూడేళ్ళలో ట్రూడీ ఎమిల్‌ని చూసి కారులోంచి చెయ్యి ఊపేది. అంతే.

ఎనభై నాలుగు అక్టోబరు మొదటివారంలో మాత్రం కారు ఆపి అద్దం దించింది. "అంకుల్, ఈసారి వస్తున్నా. పందొమ్మిదేళ్ళొచ్చాయి, ఇంకా అమ్మనడగాలా? తోడేలు ముఖం చేస్తానని ఎప్పుడో అన్నారు, గుర్తుందా?"

గుర్తులేకపోవడమేమిటి. ఎమిల్ ఆ సాయంత్రమే అల్మరాలోంచి తెల్లముఖం దించాడు. మూడు వారాలు దాని మీద మట్టితో తోడేలు నుదురూ మూతీ కట్టాడు. అచ్చు తీశాడు, రబ్బరు పోశాడు, వెంట్రుకలు ఒక్కొక్క పోగే అంటించాడు. మూడేళ్ళుగా మూలపడ్డ చేతులు మళ్ళీ ఒళ్ళు విరుచుకున్నాయి. ఇరవై అయిదో తారీకుకి తోడేలు ముఖం తయారయింది. ఇరవై ఆరు శుక్రవారం, వానలో, ఆఫీసునుంచి వస్తూ ట్రూడీ కారు కొండమలుపు దగ్గర జారి ఇనుప కంచెను గుద్దుకుంది.

శనివారం పొద్దున్న ఎర్విన్ లాంగ్‌డన్ వెర్నాను కూర్చోబెట్టి చెప్పాడు. ముఖం ఎడమవైపు ఏమీ మిగల్లేదనీ, పెట్టె మూసే ఉంచడం మంచిదనీ. వెర్నా "ఎమిల్‌ని పిలవండి," అంది. మూడేళ్ళ తరవాత ఆవిడ నోట అతని పేరు రావడం అదే.

ఎమిల్ వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. ఆవిడ అతని ముఖంలోకి చూడలేదు, చేతులవంక చూసింది.

"మీరేదో అనుకుంటారని నాకు తెలుసు. అనుకోండి. నిన్న పొద్దున్న అది వెళ్తున్నానని చెప్పింది, నేను సింకు దగ్గర గిన్నెలు తోముతున్నా. వెనక్కి తిరగలేదు. తిరగాలనిపించలేదు. అసలు దాని మొహం సరిగ్గా చూసి ఎన్నాళ్ళయిందో లెక్కపెట్టుకుంటున్నా, అందట్లేదు. ఒక్కసారి చూడాలి. ఒక్కసారి చాలు. చెయ్యగలరా?"

"చేస్తాను," అన్నాడు ఎమిల్.

ఆవిడ సంచీలోంచి ఫొటో తీసి బల్ల మీద పెట్టింది. బడి చదువు పూర్తయినప్పుడు తీసిన ఫొటో. నల్లటోపీ, పెదవులు కలిపి, కళ్ళు నేరుగా. "ఇలా. ఇలాగే ఉండేది."

ఎమిల్ ఇంటికెళ్ళి తెల్లముఖాన్ని తువ్వాల్లో చుట్టి తెచ్చుకున్నాడు. ఎడమవైపు ఎముక ఎంత, బుగ్గ ఎంత అన్నది ఫొటోలో దొరకదు, అచ్చులో దొరుకుతుంది. అంతవరకూ తప్పులేదు. శనివారం, ఆదివారం, గదిలోంచి బయటికి రాకుండా పనిచేశాడు. పదిహేనేళ్ళ బుగ్గని పందొమ్మిదేళ్ళకు తగ్గించాడు. కనుబొమ ఒక్కొక్క వెంట్రుకా గుచ్చాడు. ఆదివారం సాయంత్రానికి నోరు మిగిలింది. దీపానికి ఆనించిన ఫొటో ఒకవైపు, తువ్వాల్లో తెల్లముఖం ఒకవైపు.

ఫొటోలో ఉన్నది ఫొటోగ్రాఫరు పెట్టించిన మూతి అనిపించింది ఎమిల్‌కి. ఆ పిల్ల అలా ఉండదు. ఆ పిల్ల ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఈ ఊళ్ళో నాకొక్కడికే తెలుసు. ఆ గర్వం అతనిలో ఎప్పట్నుంచి ఉందో అతనికే తెలియదు, ఆ క్షణంలో చేతుల్లోకి వచ్చేసింది. ఎడమ పెదవి మూల కొద్దిగా, బియ్యపుగింజంత, పైకి లేపాడు. లేపి వెనక్కి జరిగి చూసుకుంటే ట్రూడీ బల్లమీద నవ్వాపుకుంటూ పడుకుని ఉంది. ఎమిల్ అక్కడే కూర్చుని ఏడ్చాడు.

ఎర్విన్ వచ్చి చూశాడు, ఫొటో చూశాడు, మళ్ళీ చూశాడు. "పని అద్భుతంగా ఉంది. కానీ ఎమిల్, ఆ పెదవి ఫొటోలో అలా లేదే?"

"ఆ పిల్ల నాకు తెలుసండి."

"నాన్న ఉంటే ఏమనేవాడో అదీ నీకు తెలుసు," అన్నాడు ఎర్విన్. ఇంక రెట్టించలేదు.

సోమవారం మధ్యాహ్నం, జనం రాకముందు, వెర్నాను ఒక్కదాన్నే లోపలికి పంపారు. ఎమిల్ తలుపు దగ్గర నిలబడ్డాడు. ఆవిడ పెట్టె దాకా నడిచి ఆగింది. చెయ్యి బుగ్గదాకా తీసుకెళ్ళి వెనక్కి తీసుకుంది. ఎంతసేపు నిలబడిందో. తిరిగినప్పుడు ఆవిడ ముఖంలో ఏడుపు లేదు.

"ఎవరిది?"

ఎమిల్‌కి అర్థం కాలేదు.

"ఈ మొహం ఎవరిదని అడుగుతున్నా. ఇది నవ్వుతోంది."

"నవ్వడం కాదు వెర్నాగారూ, ఆపుకోవడం. ఒకసారి మా ఇంట్లో..."

"మీ ఇంట్లో," అంది వెర్నా. "నా ఇంట్లో ఇలా లేదు. నన్ను చూసి ఎప్పుడూ ఇలా లేదు. నేను ఫొటో ఇచ్చాను గదా మీకు. నా పిల్లని చూపించమన్నాను. మీ పిల్లని చేసి పడుకోబెట్టారు."

ఆ మాట ఎమిల్ గుండెలో ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. "పది నిమిషాలివ్వండి. ఫొటోలో ఉన్నట్టు దించేస్తాను. ఒక్క మూల, అంతే."

"దాని మీద ఇంక చెయ్యి వెయ్యొద్దు." ఆవిడ తనే రెండు చేతులతో మూత దించింది. జనం వచ్చారు, మూసిన పెట్టె ముందు మోకరిల్లి వెళ్ళారు. మంగళవారం కొండమీద పూడ్చారు. ఎమిల్ అందరికన్నా వెనక నిలబడ్డాడు, ఎవరూ అతన్ని ముందుకు రమ్మనలేదు.

మధ్యలో ఒక సంగతి చెప్పడం మానేశాను. సోమవారం సాయంత్రం ఎమిల్ ఇంటికొచ్చాక తోడేలు ముఖాన్ని చెత్తడబ్బాలో కుక్కాడు. తెల్లముఖాన్ని పెరటి మెట్టు మీద పెట్టి, గూట్లోంచి సుత్తి తెచ్చాడు. ముక్కలన్నీ బకెట్‌లోకి ఎత్తాడు. పారబొయ్యడానికి మాత్రం చేతులు రాలేదు. బకెట్ తలుపు వెనకే ఉండిపోయింది.

బుధవారం హాలోవీన్. ఆరింటికి సైరన్ మోగింది. ఇరవై ఎనిమిదేళ్ళలో మొదటిసారి ఎమిల్ వరండా లైటు వెయ్యలేదు. చీకటి వంటింట్లో కూర్చుని కిటికీలోంచి చూశాడు. ప్లాస్టిక్ ముఖాలు, వెనక రబ్బరు తాడు, అన్నీ దుకాణంలోవే. ఒక్క పిల్లకి కూడా కుట్లు లేవు. కాసేపటికి తలుపు చప్పుడయింది. లైటు లేని ఇంటి తలుపు పిల్లలు కొట్టరు. తీస్తే వెర్నా. సమాధి దగ్గర వేసుకున్న నల్లకోటే ఇంకా ఒంటిమీద ఉంది.

"లైటు వెయ్యలేదేం?"

"ఎవరికోసం వెయ్యను?"

ఆవిడ లోపలికి వచ్చింది. వంటింట్లో ఒక కుర్చీకి దుప్పటి కట్టి ఉంది, ట్రూడీ కోసం కట్టినది. తెలిసో తెలియకో ఆవిడ అందులోనే కూర్చుంది. ఎమిల్ బల్లమీది చిన్న దీపం వేశాడు.

"ఆ మొహం నీకెక్కడిది?" అంది వెర్నా. గారూ, మీరూ అన్నీ ఎక్కడో వదిలేసి వచ్చింది. "మీ ఇంట్లో ఒకసారి అని మొదలుపెట్టావు మొన్న. నేను చెప్పనివ్వలేదు. ఇప్పుడు చెప్పు."

ఎమిల్ చెప్పాడు. తను రోజూ చూసుకునే తెల్లముఖం, దాని ప్లాస్టర్, గొట్టాలు, ఫోన్, జేబులో పళ్ళు. పళ్ళదాకా వచ్చేసరికి వెర్నా గొంతులో ఏదో చప్పుడయింది, నవ్వు అవబోయి దగ్గయింది.

"నాకెప్పుడూ చెప్పలేదు అది."

"చెప్తే మీరు చచ్చినోళ్ళ పళ్ళంటారని భయపడింది."

"అనేదాన్నే," అంది వెర్నా. "రెండు రోజుల్నుంచీ కళ్ళు మూసుకుంటే అదే కనపడుతోంది ఎమిల్. కానీ సగమే కనపడుతోంది. నేను సరిగ్గా చూడలేదు. కోపంతో మూసేశా. అదీ నా పిల్లే కదా. నాకు తెలీని మొహం కూడా నా పిల్లదే కదా. ఆ ప్లాస్టర్ బొమ్మ ఉంటుందిగా నీ దగ్గర? చూపించు. పట్టుకుపోను, చూసి ఇచ్చేస్తా."

ఎమిల్ లేచి తలుపు వెనకనుంచి బకెట్ తెచ్చి ఆవిడ కాళ్ళ దగ్గర పెట్టాడు. వెర్నా వంగి చూసింది. అర్థమవడానికి కొంతసేపు పట్టింది.

"ఎప్పుడు?"

"సోమవారం."

తిడుతుందేమోనని చూశాడు. తిట్టినా బాగుండేది. ఆవిడ కోటు చేతులు పైకి మడిచి, బల్లమీది సామాను పక్కకు నెట్టి, ముక్కలు ఒక్కొక్కటే తీసి పరచడం మొదలుపెట్టింది. ఎమిల్ ఎదురుగా కూర్చున్నాడు. నుదురు మూడు ముక్కలయింది, దొరికింది. ముక్కు దొరికింది. కుడిబుగ్గ పెద్దముక్క. గడ్డం ముక్క చేతిలోకి రాగానే వెర్నా బొటనవేలు దాని కింద చిన్న గాటు మీద ఆగింది. "మూడుచక్రాల సైకిలు మీంచి పడింది. నాలుగేళ్ళప్పుడు. ఇది నాకు తెలుసు," అంది. ఎడమ కన్ను, ఎడమ చెంప పైభాగం అతికాయి. చెంపకీ గడ్డానికీ మధ్య అంగుళమున్నర చోటు మిగిలింది. బకెట్‌లో ఇంక ముక్కలు లేవు. అడుగున తెల్లటి పొడి ఉంది.

"ఇంకో ముక్క ఉండాలి ఇక్కడ."

"లేదు," అన్నాడు ఎమిల్. "మొదటి దెబ్బ అక్కడే వేశాను. దానివల్లే మీరు మూత మూశారు కదా అని, చూసి మరీ అక్కడ వేశాను."

వెర్నా ఆ ఖాళీ వంక చూస్తూ కూర్చుంది. తరవాత బల్ల చివరనున్న డబ్బా తన చేత్తోనే తీసి అతని ముందు పెట్టింది. మూత మీద ఎర్ర గీత ఉన్న డబ్బా. "నువ్వు రోజూ చూసేవాడివిగా. పెట్టు. మైనంతో పెట్టు అక్కడ."

ఎమిల్ మైనం తీసి వేళ్ళ మధ్య మెత్తబరిచాడు. ఖాళీ నింపి, గోటితో పెదవి గీసి, మూల లేపాడు. ఎక్కువయింది, అది హేళనలా ఉంది. దించాడు. ఫొటోలో మూతి వచ్చింది. మళ్ళీ లేపాడు.

"ఇదేనా?" అనడిగింది వెర్నా.

"కాదు."

ఇంకోసారి తీసి పెట్టాడు. అచ్చుకోసం కొద్దిగా పైకి చూశాడు, ఫ్రిజ్ మీది అల్మరా వైపు. అక్కడ ఏమీ లేదు. నాలుగేళ్ళు పొద్దుటే కాఫీతోపాటు చూసిన ముఖం. పెట్టెలో చేసినప్పుడు కూడా తువ్వాల్లో పక్కనే ఉంది, చూసి చేశాడు. చూడకుండా చెయ్యాల్సిన అవసరం ఎప్పుడూ రాలేదు.

"ఇదా?" అంది వెర్నా. ముందుకు వంగింది. ఆవిడ కళ్ళలో ఆశ చూసి అతనికి భయమేసింది. అవునని ఒక్కమాట అంటే చాలు, ఆవిడ నమ్ముతుంది. ఆ మైనపు మూలనే బతికినంతకాలం తన కూతురి నవ్వనుకుంటుంది. మైనంతో మనుషుల్ని నమ్మించడమే అతని ముప్పై అయిదేళ్ళ ఉద్యోగం. ఆ ఒక్కపూట ఎమిల్ ఆ పని చెయ్యలేకపోయాడు.

"తెలీదు వెర్నా," అన్నాడు. "నాకిప్పుడు తెలీడం లేదు."

బయట ఎనిమిదింటి సైరన్ మోగింది. పిల్లలు ఒకళ్ళనొకళ్ళు పిలుచుకుంటూ ఇళ్ళకు పోతున్నారు. వెర్నా చెయ్యి చాచి, ఆ మైనం ముక్కని వేలితో మెల్లిగా ఊడదీసి, డబ్బాలో వేసి మూత పెట్టింది. తరవాత ఇద్దరూ ఆ ఖాళీకి రెండువైపులా కూర్చున్నారు.